‘ఏం లేదు, ఇంట్ల ఉంట’ : టీవీ మా గడప దాకా వచ్చిన కథ

మా ఇంట్లో పాత సామాన్ల డబ్బాలో ఒక ఫోను ఉంది. మీటలు నొక్కే రకం, వెనక మూత పోయి రబ్బరు బ్యాండు వేసి ఉంది. పోయినేడు దాని కార్డు తీసి, అందులోని ఫోటోలన్నీ కంప్యూటర్‌లోకి ఎక్కిస్తుంటే మూడు నిమిషాల వీడియో ఒకటి బయటపడింది. 2010 ప్రాంతంలో తీసింది. బొమ్మ మసక, చప్పుడు మాత్రం బాగానే వినిపిస్తుంది.

సోలాపుర్‌లో మా పాత ఇంటి వాకిలి. పొద్దు గూకే వేళ. చిన్నమ్మ గోడకు ఆనుకుని కూర్చుంది. ఒళ్లో చాట, చాటలో కత్తిరించిన తునికాకు, తంబాకు. మా తమ్ముడొకడు వంటింట్లోంచి గంటె పట్టుకొచ్చి మైకులాగా ఆమె మూతి దగ్గర పెట్టాడు. టీవీలో ‘భావోజీ’ మాట్లాడినట్టే సాగదీసి మరాఠీలో అడిగాడు: “వహినీ, మీరేం చేస్తుంటారు?” చిన్నమ్మ చెయ్యి ఆపకుండా “కాహీ నాహీ, ఘరీచ్ అస్తే” అంది. మా వైపు తిరిగి అదే మాట మన భాషలో మళ్లీ చెప్పింది. “ఏం లేదురా, ఇంట్ల ఉంట.”

అందరం నవ్వాం. వీడియోలో ఆ నవ్వు కూడా ఉంది. ఈసారి చూసినప్పుడు మాత్రం మా కళ్లు ఆమె చేతుల మీద పడ్డాయి. ఆ ఒక్క మాట చెప్పేలోపు ఆ చేతులు ఒక బీడీ చుట్టి దారం కట్టేశాయి.

ఇంతకు ముందు మన పెద్దలు కరీంనగర్ వైపు నుంచి ఇక్కడికి ఎట్లా వచ్చారో రాసుకున్నాం. మగ్గాల గురించి, మార్కండేయ రథం గురించి రాసుకున్నాం. ఈసారి టీవీ గురించి రాస్తున్నాం. కుటుంబ చరిత్రలో టీవీకేం పని అని పెద్దలు అనవచ్చు. మన ఆడవాళ్లను “నువ్వెవరు, ఏం చేస్తావు” అని పది మందిలో మొదట అడిగింది టీవీయే. అందుకే రాస్తున్నాం.

మామూలు మనిషి తెర మీదికి వచ్చిన దారి

టీవీ కొత్తగా వచ్చినప్పుడు తెర మీద మాట్లాడేవాళ్లు వేరు, చూసేవాళ్లు వేరు. వార్తలు చదివేవాళ్లు, నాయకులు, పాటగాళ్లు, నిపుణులు మాట్లాడేవాళ్లు. మనలాంటివాళ్లు చూసేవాళ్లు. 1967 జనవరి 26న ఢిల్లీలో ‘కృషి దర్శన్’ మొదలుపెట్టారు. చుట్టుపక్కల 80 ఊళ్లలో సెట్లు పెట్టి రైతులకు చూపించారు. రైతు కోసం పెట్టిన కార్యక్రమమే అయినా చెప్పడం అధికారి వంతు, వినడం రైతు వంతు. మన వైపు 1972 అక్టోబర్ 2న బొంబాయి దూరదర్శన్ మొదలైంది. దాని రైతు కార్యక్రమం పేరు ‘ఆమ్చీ మాటీ, ఆమ్చీ మాణసం’. మా మట్టి, మా మనుషులు అని అర్థం. పేరులోనైనా మనుషులకు చోటు దొరికింది.

1975 ఆగస్టు నుంచి ఏడాది పాటు ‘సైట్’ అనే ప్రయోగం నడిచింది. అమెరికా వాళ్ల ఉపగ్రహాన్ని అడిగి తెచ్చుకుని ఆరు రాష్ట్రాల్లో దాదాపు 2,400 ఊళ్లకు టీవీ చూపించారు. ఆ ఆరింటిలో ఆంధ్రప్రదేశ్, కర్ణాటక, ఒడిశా ఉన్నాయి. హైదరాబాద్‌లో, కటక్‌లో కార్యక్రమాలు తయారయ్యేవి. బడిలోనో పంచాయతీ అరుగు మీదో ఒక్క సెట్టు, దాని ముందు ఊరంతా.

అదే సమయంలో గుజరాత్‌లోని ఖేడా జిల్లాలో ఇంకో పని జరిగింది. మా లెక్కలో అసలు కథ అక్కడే మొదలైంది. పీజ్ అనే ఊళ్లో చిన్న ట్రాన్స్‌మిటర్ పెట్టి, అహ్మదాబాద్ ఇస్రో కేంద్రం వాళ్లు ఆ జిల్లాకే ప్రత్యేకంగా కార్యక్రమాలు చేశారు. కనీస కూలి, కుల వివక్ష, తాగుడు, సహకార సంఘాలు, ఆడవాళ్ల మీద వివక్ష, అన్నీ తోలుబొమ్మలాటలుగా, నాటకాలుగా, ముచ్చట్లుగా వచ్చేవి. వాటిని తయారు చెయ్యడంలో ఊరివాళ్లకూ చెయ్యి ఉండేది. తన ఊరి కష్టాన్ని తన యాసలో తానే చెప్పే మనిషి అట్లా తెర మీదికి వచ్చాడు. 1984లో ఆ ప్రాజెక్టుకు యునెస్కో బహుమతి ఇచ్చింది. 1980లలోనే ఆ ట్రాన్స్‌మిటర్ అక్కడి నుంచి పోయింది. దేశమంతటికీ ఢిల్లీ నుంచి ఒకే కార్యక్రమం వచ్చే కాలం అప్పటికి మొదలైంది.

1985లో దూరదర్శన్ ‘జనవాణి’ పెట్టింది. మామూలు జనం కేంద్ర మంత్రులను ఎదురుగా కూర్చోబెట్టి ప్రశ్నలు అడగడం అందులో పద్ధతి. 1990లో ‘సురభి’ వచ్చింది. అందులో మనం కనిపించింది పోస్టుకార్డు రూపంలో. ఒక్క వారంలో 14 లక్షల ఉత్తరాలు వచ్చాయని పేరు మోసిన కార్యక్రమం అది. మా ఇంట్లోంచి కూడా కార్డులు పోయాయి. ఎవరి పేరూ చదవలేదు. అయినా ఆదివారం రాత్రి కార్డుల గుట్ట చూపించినప్పుడల్లా అందులో మనది కూడా ఉందని పిల్లలం మెడలు చాపి చూసేవాళ్లం.

ఆ తర్వాత పాట దారి తెరిచింది. 1995లో జీ టీవీలో ‘స రె గ మ’, 1996లో ఈటీవీలో ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం గారి ‘పాడుతా తీయగా’ మొదలయ్యాయి. కేబులు వైరు సోలాపుర్ తూర్పు భాగంలోని మన పేటలకు తెలుగు ఛానళ్లను తెచ్చాక బాలు గారు పిల్లలతో తెలుగులో మాట్లాడే తీరు చూడటానికే మా అవ్వ టీవీ ముందు కూర్చునేది. 2000 జూలై 3న ‘కౌన్ బనేగా కరోడ్‌పతి’ వచ్చింది. అప్పటి నుంచి మామూలు మనిషి వేడి కుర్చీ ఎక్కి తన జీతం, తన అప్పు, తన ఊరు దేశానికి చెప్పడం మొదలైంది.

ఇన్నింటిలోనూ ఒక షరతు ఉంది. పాట రావాలి, లేదంటే తెలివి ఉండాలి, లేదంటే ప్రశ్న వెయ్యగల ధైర్యం ఉండాలి. ఏదీ లేకపోయినా ఇంట్లో వంట చేసుకునే మనిషి తెర మీదికి రావచ్చా? మహారాష్ట్రలో దానికి జవాబు 2004లో వచ్చింది.

వదిన, మరిది

జీ మరాఠీలో ‘హోం మినిస్టర్’ 2004లో మొదలై 2022 దాకా నడిచింది. నడిపింది నటుడు ఆదేశ్ బాందేకర్. పేరులోనే చమత్కారం. ఢిల్లీలో హోం మంత్రి ఎవరైనా కానీ ఇంటికి మంత్రి ఇల్లాలు. హైదరాబాద్, కరీంనగర్‌లలో ఉన్న మన చుట్టాలకు తెలియకపోవచ్చు కాబట్టి పద్ధతి చెప్తాం. సాయంత్రం పూట కార్యక్రమం. బాందేకర్ ఒక మామూలు ఇంటికి వస్తాడు. ఇంట్లోవాళ్లతో కాసేపు కబుర్లు, మొగుడూ పెళ్లాల పెళ్లినాటి ముచ్చట్లు, అత్తగారితో ఒక మాట, తర్వాత ఆడవాళ్లకు చిన్నచిన్న ఆటలు. చదువు అక్కర్లేదు, గొంతు అక్కర్లేదు. గెలిచినామెకు పైఠణీ చీర. అంతే.

ఇందులో అసలు కిటుకు పిలుపులో ఉంది. ఆయన ప్రతి ఇల్లాలినీ ‘వహినీ’ అంటాడు. వాళ్లు ఆయన్ని ‘భావోజీ’ అంటారు. వహినీ అంటే వదిన. భావోజీ అంటే ఇక్కడ మరిది వరస. మా అవ్వ చెవికి అది ‘బావ’ లాగా వినిపించేది. “ఇంత చిన్న పోరడు అందరికీ బావెట్ల అయితడు?” అని అడిగేది. మరాఠీ వరసలూ మన వరసలూ అక్కడక్కడా ఇట్లా తిరగబడి కలుస్తాయి.

వదినా మరుదుల మధ్య ఎగతాళి మన ఇళ్లలోనూ ఉంది. పరాయి మగవాడు వంటింటి గడప దాటి ఇల్లాలితో నవ్వుతూ మాట్లాడాలంటే అతనికి ఒక వరస కావాలి. ఆ వరస ఉంటే అత్తగారు ఏమీ అనదు, మామగారు పేపరు దించి చూడడు. కెమెరాలు, దీపాలు, వైర్లు, పది మంది మనుషులు ఇంట్లోకి వచ్చినా చుట్టం వచ్చినట్టే ఉండేది. టీవీ ఆ ఇంటికి కొత్త నియమాలేవీ తేలేదు. ఇంట్లో ఉన్న వరసనే అరువు తీసుకుంది.

అదే రోజుల్లో మధ్యాహ్నం పూట తెలుగులో ‘స్టార్ మహిళ’ చూసేవాళ్లం. సుమ గారు ఆడవాళ్లతో ఆడించే ఆటలవి. తేడా ఏమిటంటే అక్కడ ఆడవాళ్లు పట్టుచీరలు కట్టుకుని స్టూడియోకు పోయేవాళ్లు. ఇక్కడ టీవీయే ఇంటికి వచ్చేది. మా ఆడవాళ్లకు ఒకటి సొంత భాష, ఇంకొకటి సొంత ఊరు. మధ్యాహ్నం తెలుగు ఆటలు, సాయంత్రం మరాఠీ ఆటలు, మధ్యలో బీడీలు. మూడూ ఒకే వాకిట్లో నడిచేవి.

పేరు చెప్పడం

హోం మినిస్టర్‌లో తప్పకుండా ఉండేది ‘ఉఖాణా’. రెండు పాదాల పద్యంలాంటి మాట అల్లి, దాని చివర మొగుడి పేరు చెప్పాలి. మరాఠీ పెళ్లిళ్లలో, నోముల్లో ఉన్న పాత ఆచారమే. మనకూ ఉంది. కొత్త కోడలు గడప దగ్గరికి వస్తే ఆడబిడ్డలు అడ్డం నిలబడి, పేరు చెప్తేనే లోపలికి రానిస్తామంటారు. ఆ ఒక్కరోజే చెప్పడం. తర్వాత బతుకంతా “మా ఆయన”, “పిల్లల నాయన”, “ఏమయ్యా”. మా అవ్వ రేషను కార్డు దగ్గర కూడా తాత పేరు నోటితో చెప్పేది కాదు. పక్కనున్న పిల్లవాడిని గిల్లి చెప్పించేది.

అట్లాంటి కట్టుబాటు ఉన్న పేటల్లో ఆడవాళ్లు ఏళ్ల తరబడి రోజూ సాయంత్రం మొగుళ్ల పేర్లు గట్టిగా వినిపించే కార్యక్రమం చూశారు. చూసి ఊరుకోలేదు. వాకిట్లో బీడీలు చుట్టేచోట ఉఖాణాలు అల్లడం మొదలుపెట్టారు. మరాఠీ మాట సగం, తెలుగు మాట సగం. తోచనప్పుడు బీడీ కంపెనీ పేరుతోనో కూరగాయ పేరుతోనో ప్రాస కుదిర్చేవాళ్లు. తంబాకు తూచే మేస్త్రీ మీద కూడా ఒకటి అల్లారు. అది ఇక్కడ రాయదగ్గది కాదు. మా వీడియోలో చిన్నమ్మ రెండో నిమిషంలో ఒకటి చెప్తుంది. మొదలు మరాఠీలో పెట్టి, చివర బాబాయి పేరు దగ్గరికి వచ్చేసరికి తెలుగులోకి దిగి, “పో, నాకు సిగ్గయితది” అని కొంగు అడ్డం పెట్టుకుంటుంది. చేతులు మాత్రం ఆగలేదు. బాబాయి పేరు ఆమె నోట మేము విన్నది ఆ ఒక్కసారే, అదీ సగమే.

వాళ్లు టీవీలోకి పోలేదు. టీవీ చూపించిన పద్ధతిని ఇంట్లోకి తెచ్చుకున్నారు. మామూలు మనుషులు కనిపించే కార్యక్రమాలకు ఈ గుణం ఉంది. సినిమా చూస్తే హీరోయిన్‌లా ఉండాలనుకుంటాం. ఇవి చూస్తే రేపు అడిగితే నేనేం చెప్పాలి అని ఆలోచన మొదలవుతుంది.

‘ఏం చేస్తారు?’

ఇక అసలు ప్రశ్న దగ్గరికి వద్దాం. ఆటల కార్యక్రమాల్లో ముందుగా అడిగేది పేరు, ఊరు, ఏం చేస్తారు. టీచరు, నర్సు, బ్యాంకు ఉద్యోగి అయితే వెంటనే చెప్తుంది. లేకపోతే “ఏం లేదు, గృహిణిని”, “హౌస్‌వైఫ్”. మరాఠీలో, తెలుగులో, ఈ జవాబు మేము ఎన్నిసార్లు విన్నామో లెక్క లేదు. చిన్నమ్మ కూడా అదే చెప్పింది. ఆటకు అడిగితే కూడా అదే చెప్పింది.

ఆ ‘ఏం లేదు’లో ఏమేం ఉన్నాయో ఇప్పుడు రాసి పెడుతున్నాం. పొద్దున్నే కార్ఖానాకు పోయి ముందురోజు బీడీలు అప్పజెప్పడం. ఆకు, తంబాకు తూకం వేయించుకుని రావడం. ఆకు తడిపి, అచ్చు పెట్టి కత్తిరించడం. వంట మధ్యలో, పిల్లలకు అన్నం పెట్టే మధ్యలో చుట్టడం. 25 చొప్పున కట్టలు కట్టడం. కూలి వెయ్యి బీడీల లెక్కన. అంటే 40 కట్టలు కడితే ఒక వెయ్యి. అది కాక బాబాయి సాంచాల మీదికి పోయేటప్పుడు కండెలు చుట్టివ్వడం. మరమగ్గాలకు కరెంటు లేని రోజుల్లో, సమ్మె రోజుల్లో, నూలు ధర పెరిగి పని ఆగిన రోజుల్లో ఇల్లు నడిచింది ఆ చాట మీదే.

మన కుటుంబ కథ చెప్పమంటే మనమంతా ఏం చెప్తాం? 1860లో సోలాపుర్‌కు రైలు వచ్చింది, 1877లో పాత మిల్లు మొదలైంది, తెలంగాణ నుంచి పద్మశాలీలు నేత పనికి వచ్చారు, చద్దర్లకు, తువాళ్లకు ఈ ఊరు పేరు మోసింది అని చెప్తాం. సోలాపుర్ చద్దరుకు భౌగోళిక గుర్తింపు కూడా ఉందని గర్వంగా చెప్తాం. అన్నీ నిజాలే. మేమూ ఇంతకు ముందు వ్యాసాల్లో అట్లాగే రాశాం. వాటిల్లో బీడీ అనే మాట వెతికితే ఒక్కచోట కూడా లేదు. మగ్గం గౌరవం, బీడీ నామోషీ అనుకున్నాం కాబోలు. పెళ్లి సంబంధాలకు పోయినప్పుడు పిల్ల బీడీలు చుడుతుందని చెప్పేవాళ్లం కాదు. కార్ఖానా వాళ్లు ఇచ్చిన కార్డును మాత్రం బియ్యం డబ్బాలో జాగ్రత్తగా దాచుకునేవాళ్లం.

ఈ తప్పు మన ఒక్క ఇంటిదే కాదు. దేశపు జనాభా లెక్కల్లోనూ ఇదే చిక్కు వచ్చింది. లెక్కలు రాసేవాళ్లు గుమ్మంలో నిలబడి “పని చేస్తారా?” అంటే “లేదు, ఇంట్లోనే” అని జవాబు. దాంతో పని చెయ్యనివాళ్ల గడిలో గీత పడేది. అందుకే 1991 లెక్కల్లో ప్రశ్నను మార్చారు. పొలంలోనో ఇంటి పరిశ్రమలోనో కూలి లేకుండా చేసే పని కూడా పనే అని ప్రశ్నలోనే చేర్చారు. ప్రశ్న మారితే జవాబు మారుతుందని సర్కారుకు అన్నేళ్లకు తెలిసింది. బీడీ పనివాళ్లకైతే 1966లోనే చట్టం వచ్చింది. ఇంటి దగ్గర చుట్టేవాళ్లను కూడా అందులో కార్మికులుగానే చూశారు. చట్టం కార్మికురాలు అన్నది. కార్డు కార్మికురాలు అన్నది. ఆమె మాత్రం ‘ఏం లేదు’ అన్నది. మేము నవ్వాం.

జవాబు వేరేగా చెప్పిన ఆడవాళ్లూ ఇదే ఊళ్లో ఉన్నారు. బీడీ ఆడవాళ్లు ఎర్రజెండా కింద ఏళ్లకేళ్లు ఊరేగింపులు తీశారు. కుంభారీ దగ్గర వాళ్ల కోసం గోదూతాయి పరుళేకర్ పేరున 10,000 ఇళ్ల కాలనీ వచ్చింది. 2006లో అప్పటి ప్రధాని మన్మోహన్ సింగ్ వచ్చి ఆ ఇళ్లు అప్పజెప్పారు. ఆ ఊరేగింపుల్లో మా పెద్దమ్మ కూడా నడిచింది. “మేం బీడీ కామగార్లం” అని మరాఠీలో అరిచింది. అదే పెద్దమ్మ ఇంటికి వచ్చిన కొత్త చుట్టానికి “ఇంట్లనే ఉంటం” అని చెప్పేది. రోడ్డు మీద గుంపులో ఒక జవాబు, గడపలో ఒంటరిగా ఇంకో జవాబు.

2019లో కరోడ్‌పతిలో అమరావతి జిల్లా నుంచి ఒకామె కోటి రూపాయలు గెలిచింది. బడి పిల్లలకు మధ్యాహ్నం కిచిడీ వండే మనిషి, జీతం నెలకు 1,500. ఆమె తన పని చెప్పుకోవడానికి ఏమీ సంకోచపడలేదు. పిల్లలకు వండి పెట్టడం తనకు ఇష్టమని చెప్పింది. మేమంతా చప్పట్లు కొట్టాం. ఆ రాత్రి మా ఇంట్లో కూడా ఒకరికి చప్పట్లు కొట్టాల్సింది అని అప్పుడు తోచలేదు.

పైఠణీ

హోం మినిస్టర్ చూసేటప్పుడు ఆడవాళ్ల కళ్లు ఆటల మీద ఉంటే తాత కళ్లు బహుమతి మీద ఉండేవి. చీర విప్పి చూపించినప్పుడు ముందుకు వంగి కొంగు చూసేవాడు. నెమలి ఎన్ని రంగుల్లో ఉంది, అంచు ఎట్లా అతికింది అని. పైఠణీలో కొంగు బొమ్మను ఒక్కో రంగు దారం విడివిడిగా తిప్పుతూ చేత్తో నేస్తారు. ముందూ వెనకా ఒకేలా కనబడుతుంది. మంచి చీరకు నెలలు పడతాయి. గోదారి ఒడ్డున ఉన్న పైఠణ్ ఊరు మన చదువుల్లో శాతవాహనుల ప్రతిష్ఠానపురం. ఆ నీళ్లే కిందికి దిగి మన కరీంనగర్ వైపు పోతాయని తాత చెప్పేవాడు. ఆ చీర మనకు పరాయిది కాదని ఆయన లెక్క.

2022లో ‘మహా మినిస్టర్’ అని పేరు పెట్టి 11 లక్షల రూపాయల పైఠణీ బహుమతిగా పెట్టారు. ఊరూరా ఆడవాళ్లు వేల మంది వచ్చారు. అప్పటికి తాత లేడు. ఉంటే ఒకటే అడిగేవాడు, ఆ 11 లక్షల్లో నేసినవాడికి ఎంత అని. చీర గెలిచినామె పేరు రాష్ట్రమంతా తెలుస్తుంది. నేసిన చేతి పేరు కొంగు మీద ఉండదు. నేతగాళ్ల ఇంట్లో పుట్టినవాళ్లకు ఇది కొత్త సంగతి కాదు. కానీ నేతగాడికి పేరు లేదని బాధపడే మనమే, ఆ నేతగాడికి కండెలు చుట్టిచ్చిన మనిషిని ‘ఏం చెయ్యదు’ అని రాసుకున్నాం.

మా లెక్క

2020లో లాక్‌డౌన్ వచ్చినప్పుడు హోం మినిస్టర్ ఇళ్లకు పోలేక వీడియో కాల్‌లో నడిచింది. ఎవరింట్లో వాళ్లే ఫోను నిలబెట్టుకుని, ఎవరి వంటింట్లోంచి వాళ్లే మాట్లాడారు. ఖేడాలో ట్రాన్స్‌మిటర్ పెట్టి చేసిన పని ఇప్పుడు మన అందరి జేబుల్లో ఉంది. మైకు పట్టుకుని వచ్చే మరిది కోసం ఇంక ఎదురు చూడక్కర్లేదు. అడిగేవాళ్లు కావాలి, అంతే.

కాబట్టి ఈ దీపావళికి మేము ఒక పని మొదలుపెట్టాం. మన పేటలో, కుంభారీలో, పుణె, భివండీల్లో ఉన్న మన ఇంటి పెద్ద ఆడవాళ్ల దగ్గరికి పోయి ఫోను ముందు పెట్టి మాట్లాడిస్తున్నాం. ఆటలు లేవు, చీర లేదు. వాళ్లకు ఏ భాష ముందు వస్తే ఆ భాష. ‘ఏం చేస్తావు’ అని మాత్రం అడగొద్దని అనుకున్నాం. “పొద్దున లేచినప్పటి నుంచి ఏమేం చేసేదానివో వరసగా చెప్పు” అని అడుగుతున్నాం. ఇప్పటికి ఆరుగురితో అయింది. ఒక్కరు కూడా ‘ఏం లేదు’ అనలేదు. ఒకరు గంటంబావు మాట్లాడి, ఇంకా మధ్యాహ్నం దాకా కూడా రాలేదు, టీ తాగి చెప్త అన్నారు.

చిన్నమ్మను ఆ ప్రశ్న అడగడానికి ఇప్పుడు వీల్లేదు. ఆమె పోయి ఆరేళ్లు. అందుకని వీడియోలోనే లెక్కపెట్టాం. మూడు నిమిషాల్లో, తమ్ముడి గంటెకు జవాబులు చెప్తూ, బాబాయి పేరు సగం చెప్పి సిగ్గుపడుతూ, ఆమె ఎనిమిది బీడీలు చుట్టింది. తొమ్మిదోది సగంలో ఉండగా వీడియో ఆగిపోయింది.

మన వంశవృక్షం కాగితంలో ఆమె పేరు పక్కన ‘గృహిణి’ అని ఉండేది. దాన్ని కొట్టేసి ‘బీడీ కార్మికురాలు, కండెలు చుట్టేది’ అని రాశాం. మిగిలిన పేర్ల పక్కన ఏం రాయాలో తెలిసినవాళ్లు చెప్పండి. తెలియకపోతే ఇంట్లో ఉన్న పెద్దామెను ఈ రాత్రే అడగండి.